కొస ఇంటి గోడమీద పెట్టె

మా బావ పోయాడని అక్క పొద్దున్నే ఫోన్ చేసి చెప్పింది. గుండెపోటట. చెప్పులు వేసుకుని వాకిట్లోకి వచ్చాను, ఎటు పోవాలో తోచక మళ్లీ లోపలికి వెళ్లాను. ఫోన్ తీస్తే, ఆయన కేబుల్ కనెక్షన్లు ఉన్నవాళ్ల వాట్సాప్ గ్రూపులో అప్పటికే ఎవరో ఆయన ఫొటోకి దండ వేసి పెట్టారు. దాని కిందే ఒకాయన పైన ఏముందో చూడకుండా, "అన్నా, నెట్ రాలేదు, సున్నా తిరుగుతానే ఉండాది" అని రాశాడు. నాకు కోపం రాలేదు. బావ ఉంటే ముందు జవాబిచ్చేది దానికే.

కుదురులేని మనిషి. పెళ్లిపీటల మీద కూడా మోకాలు ఆడిస్తూనే కూర్చున్నాడు. ఎవరింట్లో టీ ఇచ్చినా సగం తాగి, గ్లాసు పిట్టగోడమీద పెట్టి బండెక్కేవాడు. ఏ వీధిలో లైను పోయిందో ఇందుకూరుపేటలో సగం టీ గ్లాసుల్ని బట్టి చెప్పొచ్చని అక్క దెప్పేది.

ఆ తొందర ఎక్కడిదో నాకు తెలుసు. వాళ్ల నాన్నది కాలువ చిట్టచివరి పొలం. కాలువల సంగతి కొంచెం చెప్పాలి, ఓపిక పట్టండి. తూము దగ్గరి చేలల్లో నీళ్లు గట్లు దాటి పొర్లుతుంటే, కొసన నారు ఎండిపోయేది. ఆ కొస గట్టుమీద నిలబడి నీళ్లకోసం ఎదురుచూస్తూ పెరిగినవాడు ఆయన. అందుకే కేబుల్ మొదలుపెట్టిన నాటినుంచీ ఒకటే మాట: "మొదటింట్లో ఎట్లుందో కొస ఇంట్లో అట్లే రావాల."

రాదు కదా. కంట్రోల్ రూములో తయారైన సిగ్నల్ రాగి తీగలో వెళ్లేకొద్దీ నీరసపడుతుంది. దారిలో అక్కడక్కడా ఒక డబ్బా తగిలించి ముందుకు తోస్తారు. తోసినప్పుడల్లా సిగ్నల్‌తోపాటు మధ్యలో చేరిన చెత్త కూడా బలపడుతుంది. మైపాడు దగ్గర సముద్రం ఒడ్డున ఉండే పాలెం మా లైనుకు కొస. అక్కడికి చేరేసరికి పెద్దగా ఏమీ మిగిలేది కాదు. ఆ కాస్తా ఉప్పుగాలికి జాయింట్లు తుప్పుపట్టి పోయేది.

అప్పుడు కంపెనీవాళ్లు కొత్త పద్ధతి తెచ్చారు. డిస్ట్రిబ్యూటెడ్ యాక్సెస్ ఆర్కిటెక్చర్. ఆ పేరు నోరు తిరగడానికి నాకు కొన్నాళ్లు పట్టింది. తిరిగాక అవసరం లేనిచోట కూడా వాడాను. పెళ్లిళ్లలో వాడాను. విషయం మాత్రం చిన్నదే: కంట్రోల్ రూములో జరిగే పనిలో కొంత విడదీసి, ఒక పెట్టెలో పెట్టి, ఇళ్ల దగ్గరికే తీసుకుపోతారు. అక్కడిదాకా గాజు తీగలో వెలుగు వెళుతుంది, అక్కడినుంచి ఇళ్లకే రాగి తీగ. బావ నాకన్నా తేలిగ్గా చెప్పాడు. "తూముని చేనుకాడికే తీసకపోతే ఇంకేం గావాల బామ్మర్దీ."

కంపెనీ ఇంజనీరును బతిమాలి ఒక పెట్టె పాలేనికి సంపాదించాడు. నెల తిరిగేలోపు సరిగ్గా పనిచేస్తేనే ఉంచుతామనీ, లేకపోతే రోడ్డుమీద కాలనీకి మారుస్తామనీ వాళ్లు ముందే చెప్పారు. పాలెంలో కొస ఇంటి పెద్దమ్మ తన గోడ ఇచ్చింది, కరెంటూ ఇచ్చింది. బావ పెట్టె తగిలించి, ఆమె ఇచ్చిన టీ సగం తాగి, వచ్చేశాడు.

మర్నాటినుంచి మధ్యాహ్నమైతే చాలు నెట్ పోయేది. అదే, పడవలు ఒడ్డుకొచ్చి, చేపల ఫొటోలు నెల్లూరు వ్యాపారులకు పంపే వేళ. సెల్ సిగ్నల్ అక్కడ అంతంతమాత్రం. కబురందగానే బావ బండిమీద పరిగెత్తేవాడు. పాలెం మొదట్లోనే జనం ఆపి తలా ఒక మాట అనేవాళ్లు. అన్నీ పడి కొస ఇంటికి చేరేసరికి పెట్టె చక్కగా పనిచేస్తూ ఉండేది. తీగలు మార్చాడు, జాయింట్లు మార్చాడు. అన్నం సగంలో లేచేవాడు. నెల గడిచిపోతోంది. కాలనీవాళ్లు పెట్టె ఎప్పుడొస్తుందని అడగడం మొదలుపెట్టారు.

ఒకరోజు బండి మెకానిక్ దగ్గరుంటే, నన్ను కూడా లాక్కుని షేర్ ఆటోలో వెళ్లాడు. ఆటో దిగి ఇసకలో నడిచాం. కొస ఇంటి గోడమీద పెట్టె లేదు. దాని ఆకారంలో నీలం టార్పాలిన్ పట్ట ఉంది, నైలాన్ తాడుతో బిగించి కట్టి, మిట్టమధ్యాహ్నపు ఎండలో.

"ఏంది పెద్దమ్మా ఇది?"

"పట్ట నాయనా. ఉప్పుగాలి తినెయ్యదా? మా పడవ ఇంజనుకీ ఇట్టే కప్పుతాం."

"నేనొచ్చినప్పుడల్లా లేదే?"

"నీ బండి సప్పుడు మలుపుకాడే తెలస్తాది గదా. వచ్చి తెరుస్తావని తీసేస్తా."

బావ పట్ట విప్పి చెయ్యిపెట్టి, చటుక్కున వెనక్కి తీసుకున్నాడు. అక్కడే బోర్లించిన చేపల పెట్టెమీద కూర్చున్నాడు. ఎవరూ బలవంతపెట్టకుండా ఆయన కూర్చోవడం నేను చూడటం అదే మొదలు.

"వేడెక్కి అదే ఆగిపోతాండాది పెద్దమ్మా. దానికీ గాలాడాల."

"ఆ మాట తగిలించిన్నాడే చెప్పకూడదా? టీ అన్నా పూర్తిగా తాగకుండా పరిగెత్తితివి."

ఆమె మళ్లీ టీ పెట్టింది. బావ గ్లాసు అడుగు కనబడేదాకా తాగాడు. అదే సాయంత్రం ఆమె కొడుకు పెట్టెకు పైన నీడపడేలా, పక్కలు తెరిచి ఉండేలా తాటాకు గొడుగు కట్టాడు. పెట్టె పాలెంలోనే ఉండిపోయింది. బావ వచ్చి దాన్ని తెరిచినప్పుడల్లా పెద్దమ్మ ఆ గొడుగు పైకెత్తి పట్టుకునేది. ఆ తర్వాత ఏ ఇంటి గోడకు పెట్టె తగిలించినా బావ ఆ ఇంట్లో నిండు గ్లాసు టీ తాగందే కదిలేవాడు కాదు. మోకాలు మాత్రం ఆడుతూనే ఉండేది. "పెట్టె పెట్టినోడు టీ తాగిపోవాల" అని పనివాళ్లకు చెప్పేవాడు. వాళ్లు అది మర్యాద అనుకునేవాళ్లు.

కర్మలయ్యాక లైను పని నా మేనల్లుడు, అక్క కొడుకు, చూసుకుంటున్నాడు. ఇంట్లో కూర్చోలేక నేను బావ బండి తీశాను. ఎటు పోతున్నానో అనుకోలేదు, బండి పాలెం దారి పట్టింది. మలుపు తిరిగి కొస ఇంటికి చేరేసరికి పెద్దమ్మ చేపల పెట్టెమీద నిలబడి ఉంది, రెండు చేతులతో తాటాకు గొడుగు పైకెత్తి పట్టుకుని. ఆయన్ని కడసారి చూడటానికి అక్క ఇంటికి వచ్చి ఏడ్చిన మనిషే. నన్ను చూసింది. చేతులు దించలేదు.

నేనూ బండి ఇంజను ఆపలేదు. ఆపితే ఆ చప్పుడు పోతుంది.