ప్లేటుకు అంటని అయస్కాంతం

మా ఆయన తొడలో ఏ లోహం ఉందో తేల్చడానికి నేను రైసుమిల్లు అయస్కాంతం తెప్పించాను. నవ్వేవాళ్లు నవ్వండి. నా స్థానంలో ఉంటే మీరూ తెప్పించేవాళ్లే.

పాలకీడు నుంచి వస్తూ ట్రాక్టరు మీంచి పడి ఆయన తొడ ఎముక విరిగింది. సూర్యాపేటలో ఆపరేషన్ చేసి, ప్లేటు పెట్టి స్క్రూలు బిగించారు. కొన్ని వారాలకు డాక్టరమ్మ ఎక్స్‌రే చూసి, వాకరు పట్టుకుని కాలి మీద కొంచెం కొంచెంగా బరువు మోపమంది. ఆయనా సరేనన్నాడు. కోదాడ నుంచి మా ఆడబిడ్డ చూడటానికి రాకపోతే అంతా బాగానే ఉండేది.

బత్తాయిల సంచి మంచం మీద పెట్టి, కూర్చోగానే మొదలుపెట్టింది. "అన్నయ్యకి వేసింది టైటానియమా, స్టీలా? అడగలేదా వదినా? అయ్యో, ఇప్పుడంతా మోసమే కదా! ఖరీదైన టైటానియమని చెప్పి ఏదో ఒకటి వేసేస్తున్నారంట."

అంట! ఎవరు చూశారో, ఎవరు చెప్పారో తెలియదు. కానీ ఆ మాట చెవిలో జోరీగలా పట్టుకుంది. అన్నం వండుతున్నా అదే, బట్టలు ఉతుకుతున్నా అదే. ఆపరేషన్ అయ్యాక డాక్టరమ్మ నన్ను చూసి నవ్విందే, ఎందుకు నవ్వినట్టు?

మిర్యాలగూడలో మిల్లులో పనిచేసే మా తమ్ముడికి ఫోన్ చేశాను. వడ్లలో కలిసి వచ్చే మేకులూ తీగముక్కలూ పట్టడానికి అక్కడ అయస్కాంతాలు పెడతారు. మావాళ్లకు ఏ లోహం మీద అనుమానం వచ్చినా అదే పరీక్ష. గిన్నె కొన్నా, గొలుసు కొన్నా ఆనించి చూడాల్సిందే. అంటుకుంటే ఇనుము, అంటకపోతే మంచిది. అంతే మా శాస్త్రం.

తమ్ముడు పాతదొకటి తెచ్చి, లుంగీ మీద నుంచే కుట్ల మచ్చ పొడుగునా జరిపాడు. అంటుకోలేదు.

"సూసినవా అక్కా, స్టీలు గాదు. టైటానియమే. ఇగ రంది పడకు."

నేను ఊపిరి పీల్చుకునేలోపే మా ఆయన లేచి కూర్చున్నాడు. "అరే, జర ఆగు. అంటలేదంటే అసలు లోపల ఏం లేదేమో?"

"ఎక్స్‌రేల కనబడ్డది గద బావా!"

"ఆ ఎక్స్‌రే నాదేనని నీకెట్ల తెల్సు?"

నాకు నవ్వు రావాలి. రాలేదు. నిజమే కదా, ఎముక చూసి ఎవరిదో ఎవరు చెప్పగలరు అనిపించింది.

ఆ రోజు నుంచి ఆయన కాలు నేలకు ఆనించలేదు. వాకరు గోడకు చేరింది. నేనూ గట్టిగా చెప్పలేకపోయాను. మోపితే విరిగితే? తొడ చూస్తుండగానే సన్నబడింది, మోకాలు బిగుసుకుపోయింది. ఈ మనిషి ఇక నడవడేమోనని నాకు దడ పట్టుకుంది. తిట్టి, బతిమాలి, కారు మాట్లాడి సూర్యాపేట తీసుకుపోయాను. అయస్కాంతం కూడా వెంట తీసుకుపోయాను.

డాక్టరమ్మ మా కథంతా విని, బీరువాలోంచి రెండు ప్లేట్లు తీసి బల్ల మీద పెట్టింది. "ఒకటి స్టీలు, ఒకటి టైటానియం. ఏది ఏదో చెప్పండమ్మా."

అయస్కాంతం రెండింటికీ అంటలేదు.

"ఒంట్లో పెట్టే స్టీలును కూడా అయస్కాంతం పట్టదు. మీ ఆయనకు వేసింది స్టీలే. అప్పుడే చెప్పాను," అంది. చెప్పిందో లేదో నాకు గుర్తులేదు. గుర్తులేని మాటను ఒప్పుకునే మనిషిని కాను.

మా కళ్లముందే కొత్త ఎక్స్‌రే తీయించింది. అది చూశాక ఆమె ముఖం మారింది. "బరువంతా లోహమే మోస్తే, పనిలేక ఎముక పల్చబడుతుందని పరిశోధనల్లో తేలింది. టైటానియం స్టీలంత బిరుసు కాదని కొందరు దాన్ని మెచ్చుకుంటారు. కానీ ఏదైనా ఎముక అతికేదాకే ఆసరా. ఎముకకు బరువు తగలాలి. ఇది ఇంకా సరిగ్గా అతకలేదు. ఇట్లాగే వదిలేస్తే ఎముక అతక్క, భారమంతా ప్లేటు మీదే పడి, ఏదో ఒకనాడు అది అలసిపోయి విరుగుతుంది. మళ్లీ కోయాల్సి వస్తుంది."

"సూసినవా, ఇరుగుతదని నేను ముందే అనుకున్న," అన్నాడు మా ఆయన, గెలిచినట్టు.

"మీరు నడవకపోతే విరుగుతుంది," అంది డాక్టరమ్మ.

వరండాలో వాకరు పట్టించి నిలబెట్టారు. ఆయన కాలు గాల్లోనే ఉంది. చెమటలు పట్టిన చెయ్యి తెచ్చి నా భుజం మీద వేశాడు.

"ఏమే, ఈ డాక్టర్ను నమ్మి గాదు, ఆ ప్లేటును నమ్మి గాదు. నువ్వు పెట్టమంటే పెడత. పెట్టాల్నా?"

నాకింకా డాక్టరమ్మ మీద నమ్మకం లేదు. ఎక్స్‌రే మీద లేదు. నా మీద అసలే లేదు.

"పెట్టు," అన్నాను.