మనుషుల గట్టు మీద అడుగులు

వెనక్కి నడవడం ఆమె ఉద్యోగం. నవ్వులాటకు అనడం లేదు, నిజంగానే. చుట్టూ ఎడారి, మధ్యలో ఎత్తైన ఎర్ర బండల గండి, ఆ గండి అడుగున ఒక సన్నటి నది. ఆ నది ఒడ్డున ఇసుకలో రోజూ సాయంత్రం పొడుగు కర్ర చీపురుతో ఇరవై అడుగుల వెడల్పున ఊడుస్తుంది. తన అడుగులు కూడా మిగలకూడదు కాబట్టి వెనక్కి నడుస్తూ ఊడుస్తుంది. తెల్లవారాక, ఎండ ఏటవాలుగా ఉండగానే మళ్ళీ వచ్చి, ఆ ఇసుక మీద ఏ ఏ జంతువులు నడిచాయో చూసి పుస్తకంలో రాస్తుంది. నక్క, ముళ్ళపంది, కొండగొర్రె, నీరుకుక్క. ఆరేళ్ళుగా ఇదే పని. అలవాటు ఎంత ముదిరిందంటే ఇంట్లో వంటగది కూడా వెనక్కి నడుస్తూనే ఊడ్చి, గుమ్మం దగ్గర మొగుడి కాలు తొక్కుతుంది.

అందరూ ఆమెను అడుగులమ్మ అంటారు. మొదట చెత్తడబ్బాలు ఖాళీ చేసే పనికి చేరింది. ఒక ఉదయం ఆఫీసరుతో, "రాత్రి మీ జీపు చుట్టూ నక్క తిరిగింది సార్, పాపం దానికి ముందుకాలు ఒకటి సరిగా ఆనడం లేదు" అని ఊరికే అనేసింది. మూడో రోజు ఆ కుంటి నక్కను కళ్ళారా చూసి ఆఫీసరు నోరు తెరిచాడు. అంతే, చేతిలో చీపురు అలాగే ఉంది, చంకలోకి పుస్తకం వచ్చింది.

నదికి ఎడమవైపు జంతువుల గట్టు. దానికి కంచె ఉంది, అడుగులమ్మ తప్ప మరో మనిషి కాలు పెట్టకూడదు. కుడివైపు మనుషుల గట్టు. అక్కడ ఈత కొట్టేవాళ్ళు, పడవలెక్కేవాళ్ళు, గొడుగుల కింద గురకపెట్టేవాళ్ళు. మధ్యలో చెక్క వంతెన. గేటు దగ్గర బోర్డు మీద 'ఇటు జంతువులు, అటు మనుషులు, ఎవరి చోటు వారిది' అని ఆఫీసరు రాయించాడు. ఆ మాట తన బుర్రలో పుట్టిందేనని కొత్తగా వచ్చిన ప్రతివాడికీ చెప్పుకుంటాడు. మంచివాడే, కాకపోతే బోర్డు మీద నమ్మకం కాస్త ఎక్కువ.

ఆ ఎండాకాలం నీరుకుక్కలు మాయమయ్యాయి. పేరు విని కుక్క అనుకునేరు. ముంగిసను సాగదీసి నీళ్ళలో వదిలినట్టుంటుంది, చేపలు తిని బతుకుతుంది. అవి ఉన్నాయనే ఆ నదిని అంత జాగ్రత్తగా కాపాడుతున్నారు. అలాంటిది పన్నెండు రోజులు వరుసగా జంతువుల గట్టు మీద వాటి అడుగు ఒక్కటీ లేదు. అడుగులమ్మకు ముందు తన కళ్ళ మీద అనుమానం వచ్చి కళ్ళజోడు తుడుచుకుంది. తరవాత చీపురు మీద అనుమానం వచ్చి కొత్తది తెచ్చింది. ఆ తరవాత గాలిని అనుమానించింది. ఇక అనుమానించడానికి ఎవరూ మిగలక ఆఫీసరు దగ్గరికి వెళ్ళింది.

"సార్, నీరుకుక్కలు కనబడటం లేదు."

"సరిగ్గా చూడమ్మా."

"సరిగ్గానే చూశాను. సున్నా వెయ్యమంటారా?"

"సున్నా వేస్తే పైవాళ్ళు నా తోలు వలుస్తారు. ఇంకో నాలుగు రోజులు చూద్దాం."

ఆమె తల గోక్కుంటూ బయటికి వచ్చింది. ఆరేళ్ళుగా చదివిన ఇసుక ఒక్కసారిగా కొత్త లిపిలా అయిపోతే ఎవరికైనా కాలూ చెయ్యీ ఆడదు. ఏమీ తోచక, పదమూడో సాయంత్రం తనకు సంబంధం లేని పని ఒకటి చేసింది. వంతెన దాటి వెళ్ళి మనుషుల గట్టు కూడా ఊడ్చింది. కుర్చీలు జరిపి, చిప్స్ కవర్లు ఏరి, నీళ్ళ అంచు దాకా నున్నగా ఊడ్చి ఇంటికి వచ్చి పడుకుంది.

పొద్దున్నే ముందు జంతువుల గట్టు చూసుకుని, ఏడింటికి అటు వెళ్ళింది. వెళ్ళి అక్కడే చతికిలబడింది. ఐదు వేళ్ళు, వేళ్ళ మధ్య పలచటి పొర గుర్తు, వెనక తోక ఈడ్చిన గీత. పక్కనే అవే గుర్తులు చిన్నవి, మూడు జతలు. తల్లీ పిల్లలూ. జంతువుల కోసం కంచె వేసి కూర్చోబెట్టిన గట్టు వదిలేసి, మనుషులు దొర్లే గట్టు మీద కాపురం పెట్టాయి. ఎందుకో ఆమెకు ఎంతకీ అంతుబట్టలేదు.

అంతకన్నా అంతుబట్టనిది ఇంకొకటి ఉంది. నీరుకుక్కల అడుగులు కొన్ని ఒక మనిషి అడుగుల మీదుగా పోయాయి. కుడికాలు నిండుగా పడింది, ఎడమకాలు మడమ ఈడ్చింది, పక్కన చేతికర్ర గుంట ఉంది. ఆ అడుగులు నూరు మంది అడుగుల్లో కలిసినా ఆమె గుర్తుపడుతుంది. అవి ఆమె మొగుడివి.

ఆయన ఒకప్పుడు ఆ గండిలోనే తాళ్ళ పని చేసేవాడు. కొండ ఎక్కాలని సరదాపడి వచ్చేవాళ్ళ నడుముకు తాడు కట్టి పైకి ఎక్కించి, కిందికి దించేవాడు. మూడేళ్ళ కిందట బండకు దిగ్గొట్టిన కొక్కెం ఊడి ఆయనే కింద పడ్డాడు. రెండేళ్ళు మంచం. నడుము లోతు నీళ్ళలో రోజూ గంటసేపు నడిస్తే కాళ్ళు వస్తాయని డాక్టరు చెప్పాడు. ఆ గండిలో కర్ర పట్టుకున్న మనిషి నీళ్ళలోకి దిగగలిగే వాలు ఒక్క మనుషుల గట్టు దగ్గరే ఉంది, జంతువుల గట్టుకేమో కంచె, మిగతాదంతా నిట్టనిలువు రాయి. జనం చూడకుండా ఆరింటికే వెళ్ళి ఏడింటికల్లా వచ్చేసేవాడు. ఏడాదిలో మంచం మీంచి గేటు దాకా వచ్చాడు. నీళ్ళలో మాత్రం కర్ర లేకుండా నడుస్తాడు. మానేస్తే మొదటికొస్తుందని డాక్టరు మరీ మరీ చెప్పాడు.

అడుగులమ్మ ఇసుకను ఇంకాస్త చదివింది. ఒకచోట కర్ర నాలుగంగుళాలు దిగి ఉంది, అంటే మనిషి అక్కడ చాలాసేపు నిలబడి చూశాడు. తిరిగి వచ్చేటప్పుడు రెల్లు దుబ్బు పక్కనుంచి రాకుండా చుట్టూ తిరిగి, ఇరవై అడుగులు ఎక్కువ నడిచి వచ్చాడు. ఒక్క అడుగు మిగిలితే చాలనుకునే మనిషి అంత చుట్టు తిరిగాడంటే బొరియ ఆ దుబ్బు కిందే ఉంది. ఆయనకు తెలుసు. తెలిసి తనకు చెప్పలేదు. ఆమెకు కోపం వచ్చింది, కోపం కన్నా ముందు దుఃఖం వచ్చింది.

ఎందుకు చెప్పలేదో అర్థం కావడానికి ఎంతోసేపు పట్టలేదు. పిల్లలున్న బొరియ ఎక్కడ కనబడితే అక్కడ అటూ ఇటూ మూడు వందల అడుగులు తాడు కట్టి మూసెయ్యాలని నియమం. పిల్లలు పెరిగేదాకా, అంటే మూడు నెలలు. రాస్తే ఆయన నీళ్ళు పోతాయి. పోనీ రాయకుండా ఊరుకుందామా అంటే, అదీ కుదరదు. సందర్శకుల కోసం ఆ గట్టు మీద సిమెంటు మెట్లు కడుతున్నారు, పని సోమవారం మొదలు. మేస్త్రీ సున్నంతో గీసిన గీత సరిగ్గా ఆ దుబ్బు మీదుగా పోతోంది.

రెండు రోజులు మింగలేక కక్కలేక గడిపింది. ఇంట్లో మొగుడు తేలు కుట్టిన దొంగలా ఉన్నాడు. ఆమె కావాలనే, "నదిలో చేపలు బాగా ఉన్నాయా బావా?" అని అడిగింది. "నా కాళ్ళు చూసుకోవడానికే తీరిక లేదు, చేపలెక్కడ చూస్తాను" అన్నాడు గోడవైపు తిరిగి.

శుక్రవారం మేస్త్రీ ఆమెను వంతెన మీద ఆపాడు. "అమ్మా, ఇక్కడ దయ్యాలేమైనా ఉన్నాయా? రోజూ ఇక్కడ గీత గీస్తున్నాను, తెల్లారేసరికి నాలుగడుగులు అవతల ఉంటోంది. సున్నం కూడా నాదే!"

ఆమె వెళ్ళి చూసింది. చెరిపేసిన గీత పక్కన వరసగా చేతికర్ర గుంటలు. వంగలేని మనిషి కర్రతో పాత గీత చెరిపి, సున్నం డబ్బా తన్నుకుంటూ పోయి కొత్త గీత గీశాడు. ఆమెకు నవ్వొచ్చింది. నవ్వుతూనే కళ్ళు తుడుచుకుని ఇంటికి వెళ్ళింది.

"దయ్యం అనుకుంటున్నాడు మేస్త్రీ నిన్ను."

ఆయన ఇక దాచలేదు. "నువ్వు చూస్తే రాస్తావు. రాయకుండా ఉండలేవు. అందుకే చెప్పలేదు."

"నాలుగడుగులు జరిపితే పిల్లలు బతుకుతాయనుకున్నావా?"

"తెలీదు. ఏదో ఒకటి చెయ్యాలిగా. పొద్దున నీళ్ళలో నిలబడితే అవి నా చుట్టూ తిరుగుతాయే. నన్ను బండ అనుకుంటాయో ఏమో."

ఆయనే పుస్తకం ఆమె వైపు జరిపి, "రాసెయ్. లేకపోతే నీకు తిండి సయించదు" అన్నాడు. ఆమె రాసింది.

ఆఫీసరు పరుగున వచ్చాడు. మెట్ల పని ఆగింది, తాడు కట్టారు, సందర్శకులను కింది మలుపుకు పంపేశారు. "ఆరేళ్ళలో ఇంత మంచి కబురు లేదమ్మా" అని ఆమె భుజం తట్టినంత పని చేశాడు. మొగుడు మాత్రం గుమ్మంలో కుర్చీ వేసుకుని కూర్చున్నాడు.

నాలుగో రోజు తాడు లోపల ఆమె ఊడ్చిన ఇసుక మీద నక్క అడుగులు పడ్డాయి. మనుషుల గట్టు మీద ఆమె ఇంతకు ముందెన్నడూ నక్క గుర్తు చూడలేదు. ఐదో రోజు రెండు నక్కలు. అవి దుబ్బు దాకా వచ్చి, కాసేపు కూర్చుని వెళ్ళాయి. అప్పుడు అడుగులమ్మకు బుర్ర వెలిగింది, వెలగకపోయినా బాగుండేది. నీరుకుక్క తల్లి పిల్లల్ని మనుషుల మధ్యకు తెచ్చింది మనుషుల కోసమే. మనుషులు పగలంతా మసిలే చోటికి నక్క రాదు. తను వాటిని కాపాడదామని మనుషుల్ని పంపేసింది, నక్కలకు దారి ఇచ్చింది.

పరుగున వెళ్ళి ఆఫీసరుకు చెప్పింది. ఆయన అయోమయంగా చూశాడు. "మనుషులుంటే జంతువులు పోతాయి కదమ్మా? బోర్డు మీద రాసిందే అది. ఇప్పుడు నువ్వు తిరగేసి చెబుతున్నావు."

"నేను చెప్పడం లేదు సార్, ఇసుక చెబుతోంది."

"నియమం అలా లేదు. తాడు విప్పితే నేను ఏమని రాయను?"

ఏడో రోజు ఇసుక మీద చిన్న అడుగులు మూడు జతలకు బదులు రెండు జతలే ఉన్నాయి. ఆమె ఊడ్చిన ఇసుక పట్టీని చివరి నుంచి చివరికి మూడుసార్లు చూసింది. మూడో జత ఎక్కడా లేదు. అడుగులమ్మ చీపురు పక్కన పడేసి ఇసుకలో కూర్చుని ఏడ్చింది. రాయకపోతే మెట్ల కింద పోయేవి, రాస్తే నక్కల నోట్లో పడ్డాయి. నిజం రాయడం ఒక్కటే తన పని అనుకుంది ఇన్నాళ్ళూ. ఆ నిజం ఏ పక్షమో ఆమెకు తెలియలేదు.

ఇంటికి వచ్చేసరికి వాకిట్లో దుమ్ము మీద మొగుడి అడుగులు ఉన్నాయి. చూడకూడదనుకున్నా కళ్ళు ఊరుకోవు కదా. ఎడమకాలి ఈడ్పు వారం కిందట జానెడు. ఇప్పుడు మూరెడు. ఏడు రోజులకే.

మర్నాడు ఆరింటికి ఆయన్ను లేపింది. "పద బావా."

"ఎక్కడికి?"

"నీళ్ళకి."

"తాడు కట్టారుగా."

"కట్టించింది నేనే. ఎత్తడం నాకు రాదా?"

ఒక చేత్తో తాడు ఎత్తి పట్టుకుంది. ఆయన వంగలేడు, తాడు ఇంకా పైకెత్తింది. దుబ్బును దూరంగా చుట్టి తీసుకెళ్ళి వాలు దగ్గర దించింది. ఆయన నీళ్ళలో పది అడుగులు నడిచి ఆగాడు. ఆమె ఒడ్డున నిలబడి ఊరికే గట్టిగా దగ్గింది, పాత్ర తోమినట్టు చీపురు కర్రను రాతికేసి కొట్టింది, మనిషి ఉన్నాడని నక్కలకు తెలియాలి కదా. గంటసేపు అలాగే ఉన్నారు. నీళ్ళలో ఏమీ కనబడలేదు. మరునాడూ, ఆ మరునాడూ వెళ్ళారు. మూడు రోజులూ నక్క అడుగు పడలేదు. చిన్న జతలు రెండూ ఉన్నాయి.

ఆ మూడు రోజులూ ఆమె పుస్తకంలో దాచకుండా రాసింది. 'మనుషులు: ఇద్దరు. ఒకరికి చేతికర్ర.' ఉద్యోగం పోతుందని తెలుసు. అడుగులున్నాయి, రాయక తప్పదు.

వారాంతంలో ఆఫీసరు పుస్తకం తిప్పుతూ ఆ పేజీ దగ్గర ఆగాడు. "ఎవరీ ఇద్దరు?"

"నేనూ మా ఆయనా సార్."

ఆయన ముఖం ఎర్రబడింది. కేక వేయడానికి నోరు తెరిచాడు. వేలు పక్క వరసల మీదికి వెళ్ళింది. నక్క, నక్క, సున్నా, సున్నా, సున్నా. పిల్లలు మూడు, రెండు, రెండు, రెండు, రెండు. నోరు అలాగే మూశాడు.

"తాడు ఉంచమంటావా, తీసెయ్యమంటావా?"

"నాకేం తెలుసు సార్. తీస్తే వంద మంది వస్తారు. ఉంచితే నక్కలొస్తాయి. ఇద్దరైతే సరిపోతున్నట్టుంది. రేపు సరిపోతుందో లేదో తెలీదు."

"మరి నేనేం చెయ్యాలి?"

"మీరే చెప్పండి సార్. ఆఫీసరు మీరు."

"నాకు తెలీదమ్మా" అన్నాడు ఆయన. ఆ మాట అంటుంటే ఆయన గొంతు చిన్నపిల్లాడి గొంతులా ఉంది. సంతకం చెయ్యకుండా, చించకుండా, పుస్తకం మూసి ఆమె చేతిలో పెట్టాడు.

ఇంటి దగ్గర మొగుడు గుమ్మంలో ఎదురుచూస్తున్నాడు. "ఏమన్నాడు?"

"తెలీదన్నాడు."

"ఉద్యోగం ఉందా పోయిందా?"

"అదీ తెలీదు."

"మరి రేపు?"

ఆమె ఆయన పక్కన కూర్చుని, వాపెక్కిన ఎడమకాలు ఒళ్ళోకి తీసుకుని నెమ్మదిగా నొక్కడం మొదలుపెట్టింది.

"ఆరింటికి లే."