పదమూడోదాన్ని

ఇరవయ్యేళ్ళ వయసులో రాబోయేదానికీ వచ్చేసినదానికీ పెద్ద తేడా కనిపించదు. ఏలూరులో డిగ్రీ చదువుతూ బాస్కెట్‌బాల్ ఆడే రోజుల్లో, భారత మహిళల జట్టు శిక్షణ శిబిరానికి నాకు పిలుపొచ్చింది. ఇంకేముంది, విదేశంలో జరిగే పోటీకి విమానం ఎక్కేసినట్టే అనుకున్నాను. శిబిరానికి ఇరవైమందిని పిలిచారనీ, చివరికి పన్నెండుమందినే తీసుకెళతారనీ ఇంట్లో చెప్పాను గానీ, రెండో ముక్క కాస్త మెల్లగా చెప్పాను. కైకలూరులో రొయ్యల మేత కొట్టు నడిపే మా నాన్నకు అది వినబడలేదు. (లారీలోంచి బస్తాలు దిగుతున్నప్పుడు చెప్పడం నా తెలివే లెండి.)

ఆరు వారాలు ఒళ్ళు హూనం చేసుకున్నాక జాబితా అంటించారు. నా గదిలో ఉండే మలయాళీ పిల్ల పేరు ఉంది, నాది లేదు. బక్కగా ఉంటుందని ఆమెను నేను చేపముల్లు అనేదాన్ని. కోచ్ నన్ను పక్కకు పిలిచి, నువ్వు పదమూడోదానివి, ఎవరికైనా దెబ్బ తగిలితే కబురు చేస్తామన్నారు. రైల్లో వస్తూ ప్రార్థన చేసుకున్నాను: అందరూ క్షేమంగా ఉండాలి ప్రభువా, ఒక్కరికి మాత్రం కాస్త మడమ బెణకనీ. (ఏలూరులో దిగి కైకలూరు బస్సెక్కాక క్షమాపణ కూడా చెప్పుకున్నాను.)

కైకలూరులో దిగేసరికి సెంటర్లో నా నిలువెత్తు ఫ్లెక్సీ! కింద 'అంతర్జాతీయ క్రీడాకారిణి' అని అక్షరాలు. కొట్లోకి వెళ్ళి నాన్నకు సంగతి చెప్పేశాను. ఆయన చేతికంటిన మేత పిండి దులుపుకున్నారు. తర్వాత, "పోనీలేమ్మా. ఫ్లెక్సీ ఆదివారం దాకా ఉంచుదాం. ఫొటోలో బాగా పడ్డావు," అన్నారు.

చిక్కేమిటంటే, మ్యాచ్ చూడ్డానికి రమ్మని ఆయన అప్పటికే ఊరందరికీ చెప్పేశారు. వద్దనడానికి నోరు రాలేదు. మ్యాచ్ రోజు మధ్యాహ్నం కొట్లో టీవీ ముందు పాతికమంది చేరారు. ఐసు ఫ్యాక్టరీ తాతగారు అందరికంటే ముందు కూర్చుని, తొమ్మిదో నంబరు అమ్మాయి జడ చూసి నేనే అనుకుని మురిసిపోతున్నారు. నేను టీ గ్లాసుల పళ్ళెంతో ఆయన వెనకే నిలబడ్డాను. గ్లాసు అందుకోబోతూ తలెత్తి, "ఆట అక్కడ జరుగుతుంటే నువ్విక్కడున్నావేంటమ్మా?" అన్నారు.

పాతికమందీ నా వైపు తిరిగారు. "నన్ను తీసుకోలేదండీ తాతగారూ. పదమూడోదాన్నయ్యాను," అన్నాను.

ఆయన బల్ల మీద పక్కకు జరిగారు. "అయితే ఇలా కూర్చుని చెప్పు. మాకు ఒక్క ముక్కా అర్థం కావట్లేదు."

చెప్పాను. ఇప్పుడు బంతి ఎడమకు వెళుతుంది, ఇప్పుడు చేపముల్లు వెనక నుంచి దూరుతుంది అని ముందే చెబుతుంటే అలాగే జరుగుతోంది. నీకెలా తెలుసని అడిగారాయన. "మేం రోజూ ఆడిందే కదండీ," అనబోయాను, 'మేం' దగ్గరే ఆగిపోయాను. నాన్న లేచి వెళ్ళి, బేరమేమీ లేకపోయినా మేత తూకం వేయడం మొదలుపెట్టారు. మనవాళ్ళు చిత్తుగా ఓడిపోయారు. అయినా వాళ్ళతో కలిసి ఓడిపోయే భాగ్యం కోసం నేనెంత అల్లాడానో ఆ కొట్లో ఎవరికీ చెప్పలేదు.

ఇప్పుడు తణుకులో ఓ బడిలో పిల్లలకు ఆటలు నేర్పుతున్నాను. మన ఆడపిల్లలు ఎక్కడ ఆడినా ఫోన్లో చూస్తాను. ఎవరైనా అలసిపోయినప్పుడు కోచ్ బెంచీ వైపు తిరిగితే చాలు, మోకాళ్ళ నొప్పులు మరిచిపోయి కుర్చీలో నిటారుగా సర్దుకుంటాను. మావారు పేపరు దించి, "పిలిచారా?" అంటారు.

"ఇంకా లేదండీ," అంటాను.