ఆమె రాసిన డీఎల్ఎల్

ఆటోనగర్‌లో ఒక స్పేర్‌పార్టుల షాపుకి నేనూ, ఇంకొకావిడా ప్రోగ్రాములు రాసేవాళ్లం. స్టాకు ప్రోగ్రాము నాది. అందులోని వివరాలను ప్రింటింగు ప్రోగ్రాముకి అందించే డీఎల్ఎల్ ఫైలు ఆమెది. షాపు ఓనరు వచ్చినవాళ్లందరితో, "మేడం గారి ఫైలు లేకపోతే ఇక్కడేదీ నడవదండీ" అనేవాడు. నాకు ఒళ్లు మండిపోయేది.

గుడ్‌ఫ్రైడే నాడు ఆమె చర్చికి వెళ్లింది. అదే పని చేసేలా నేను రాసుకున్న ఫైలుకి అదే పేరు పెట్టి, ఆమె ఫైలు చెరిపేసి దాని స్థానంలో ఎక్కించాను. కాసేపటికే నా స్టాకు ప్రోగ్రాముతో సహా అన్నీ ఆగిపోయాయి.

మర్నాడు ఆమె ఫ్లాపీలోంచి తన ఫైలు మళ్లీ ఎక్కించింది. ఎవరి పనని అడగలేదు. నాతో మాత్రం మెల్లగా, "మీ ఫైలు చెరపలేదండీ, పేరు మార్చి దాచాను. ఒక్క లైనే తప్పు, సరిచేశాను" అంది.

తిట్టినా బాగుండేది. మంచితనం కూడా ఆమెకే ఉండాలా అని ఇంకా కుళ్లుకున్నాను.