నానమ్మ గ్యారంటీ

మొన్న చంద్రపూర్ బజారులో మిక్సీ కొని ఇంటికి తెచ్చి పెట్టె విప్పితే, అట్ట వాసన, థర్మకోల్ వాసన, లోపలెక్కడో పూసిన మిషన్ నూనె వాసన మూడూ కలిసి గుప్పుమన్నాయి. "తాయీ, దోన్ వర్షాంచీ గ్యారంటీ" అని దుకాణదారు చెప్పిన మాట ఆ వాసనతో పాటు మళ్లీ గుర్తొచ్చి నవ్వొచ్చింది. రెండేళ్లకే తీరిపోయేది కూడా ఒక గ్యారంటీయేనా అని, మా నానమ్మ ఉంటే ఆ మనిషిని అక్కడే నిలబెట్టి కడిగేసేది. ఆమె వాడినంతగా ఆ మాటను వాడినవాళ్లను నేను చూడలేదు. ఆమె వాడినన్ని అర్థాల్లో వాడినవాళ్లను అసలే చూడలేదు.

మేమప్పుడు ఆ ఊళ్లోనే బాబుపేట్‌లో ఉండేవాళ్లం. మా నాన్నను మేము బాపు అనేవాళ్లం. ఆయన బొగ్గు గనిలో పని చేసేవాడు, అమ్మ ఇంట్లో మిషన్ మీద జాకెట్లు కుట్టేది, నానమ్మ మా మీదా గల్లీ మీదా పెత్తనం చేసేది. గల్లీలో సగం మరాఠీ ఇళ్లు, సగం మంచిర్యాల, ఆసిఫాబాద్ వైపు నుంచి గని పనికి వచ్చిన మాలాంటి తెలుగు ఇళ్లు. చలికాలం తెల్లవారితే ప్రతి గుమ్మం ముందూ ఒక సిగిడి, అంటే బొగ్గుల పొయ్యి, ముందు తెల్లగా పొగ వదిలి, తర్వాత ఎర్రగా కళ్లు తెరిచేది. దాని మీద నీళ్లు కాగుతుంటే మేము చుట్టూ చేరి చేతులు కాచుకుంటూ, నారింజ తొనలు ఒలుచుకుంటూ, బడి ఎలా ఎగ్గొట్టాలా అని ఆలోచించేవాళ్లం. ఎండాకాలమైతే ఇంట్లో మనిషన్నవాడు పడుకోలేడు, మంచాలన్నీ గల్లీలోకే వచ్చేవి. తునికి పండ్లు తిని నోరంతా జిగటగా చేసుకుని, పొద్దు వాలేదాకా మరాఠీ పిల్లలతో ఒంటికాలి మీద లంగడి ఆడి, మోకాళ్లు గీరుకుపోయి ఇంటికొస్తే నానమ్మ పసుపు అద్దుతూ తిట్టేది.

ఆ తిట్టులోనూ గ్యారంటీ ఉండేది. "ఇంకోసారి గట్ల ఉరికినవంటే కాలిరుగుతది, గ్యారంటీ" అనేది. ఆకాశంలో చిన్న మబ్బు కనిపిస్తే చాలు "ఇయ్యాల వాన గ్యారంటీ" అని ఆరేసిన బట్టలన్నీ తీయించేది. ఆ వాన వచ్చిన రోజులు బహు తక్కువ, అందుకే అమ్మ మళ్లీ వెళ్లి బట్టలు ఆరేసుకునేది. ఎవరింట్లోనైనా పిల్లకు జ్వరమొస్తే నుదుటి మీద చెయ్యి వేసి "పొద్దుగాలకు తక్కువైతది, గ్యారంటీ" అనేది. అది వాన గ్యారంటీలాంటిది కాదు. ఆ మాటతో పిల్ల తల్లి ముఖం తేటపడేది, అప్పటిదాకా ముట్టని అన్నం రెండు ముద్దలు తినేది. తాను వండిన గారెల గురించి చెప్పేటప్పుడు అదే మాట గొప్పలు పోయేది, పెళ్లిచూపులకు ముందు వణికే పిల్లకు చెప్పేటప్పుడు అదే మాట వీపు నిమిరేది. గల్లీ అంతా ఆమెను గ్యారంటీ అవ్వ అనేది. ఆమెకు అందులో వెక్కిరింత ఏమీ కనిపించేది కాదు, బిరుదులాగే పుచ్చుకునేది.

వీటన్నిటికీ పైన ఇంకొకటుండేది, అది నీళ్లు తాగి ఇచ్చే గ్యారంటీ. కొత్తగా పని వెతుక్కుంటూ వచ్చిన తెలుగు కుటుంబానికి మరాఠీ ఇంటి యజమానులు ఊరికే గది ఇచ్చేవాళ్లు కారు, తెలిసిన మనిషి ఎవరైనా వచ్చి చెప్పాలి. అప్పుడు నానమ్మ కొంగు నిండా కప్పుకుని వెళ్లి, వచ్చీరాని మరాఠీలో "మా మనుషులే, మంచోళ్లు, నేనున్న" అని చెప్పి, ఆ ఇంట్లో మంచినీళ్లు అడిగి, చెంబు దించకుండా తాగేది. ఆ నీళ్లు గొంతు దిగాయంటే ఇక ఆ కుటుంబం మంచీచెడూ ఆమెవే. వాళ్ల పిల్లవాడు యజమాని కిటికీ అద్దం పగలగొట్టినా, మొగుడూ పెళ్లాలు గల్లీకెక్కి అరుచుకున్నా, మండుటెండలో చెప్పులు ఈడ్చుకుంటూ ఆమే పరుగెత్తేది. అందుకే ఊరికే నోటితో వందసార్లు గ్యారంటీ అనే ఆ మనిషి, నీళ్లు అడిగే ముందు మాత్రం చాలా ఆలోచించేది.

ఒక క్రిస్మస్‌కు ఆమె నా పేరు మీద నీళ్లు తాగింది.

మాది రేకుల కప్పు చర్చి. పండుగనాడు పెద్ద బైబిలు పుస్తకం ముందు ఒక ఆడపిల్లను నిలబెట్టి, గొర్రెల కాపరుల వాక్యం తెలుగులో చదివించడం అక్కడ అలవాటు. ఏటా చదివే అమ్మాయి ఆ ఏడు పెళ్లయి వెళ్లిపోయింది. మిగిలిన పిల్లలం అందరం మరాఠీ బడి వాళ్లం, తెలుగు గలగలా మాట్లాడతాం, అక్షరం మాత్రం రాదు. పాస్టరుగారిని మేము అయ్యగారు అంటాం, ఆయన భార్యను అమ్మగారు అంటాం. ఆయన తన ఇంటికొచ్చిన పెద్దలందరితో, "ఈసారి మరాఠీల చదివిద్దామా మరి, పిల్లలకు తెలుగు వస్తలేదు" అన్నారు. నానమ్మ పక్కన నేనూ ఉన్నాను.

"మరాఠీ ఏడాదంత బళ్లె చదువుతనే ఉన్నరు గద అయ్యగారు," అంది నానమ్మ. "పండుగనాడన్న మన మాట ఇనబడాలె. మా పోరి చదువుతది."

"పుస్తకం చూసి చదువుతదా రూతమ్మా?"

"పుస్తకం చూసే. గ్యారంటీ. అమ్మగారు, గిన్ని నీళ్లియ్యుండ్రి."

అమ్మగారు తెచ్చిన చెంబు ఆమె ఎత్తి తాగుతుంటే నేను ఆమె కొంగు పట్టుకుని లాగాను. నాకు అ, ఆలు కూడా రావు.

అమ్మ ఊళ్లో ఐదో తరగతిదాకా తెలుగు చదువుకుంది. మా ఇంట్లో సుద్దముక్కకు కరువు కానీ బొగ్గుకు కరువు లేదు, అందుకని ముందు వాకిలి గచ్చు మీద బొగ్గుముక్కతో పెద్ద పెద్ద అక్షరాలు రాసి దిద్దించేది. సాయంత్రం గచ్చు కడిగితే నల్లనీళ్లతో పాటు నా చదువూ గల్లీ మోరీలో కలిసేది. గుండ్రాలన్నీ ఒకేలా కనిపించేవి, ఒత్తులు ఎక్కడెక్కడో కింద తగిలేవి. ఇల్లంతా గరిజెల కోసం, అంటే కజ్జికాయల కోసం, కొబ్బరి తురుముతూ, మురుకుల పిండి కలుపుతూ, రంగుకాగితాలు కత్తిరిస్తూ ఉంటే, నేను మాత్రం మసి చేతులతో గచ్చు మీద బోర్లా పడుకుని ఏడుపు మింగేదాన్ని.

అప్పుడు మా పిల్లలందరూ చేసే పనే నేనూ చేశాను. తెలుగు పాటలను మేము మరాఠీ అక్షరాల్లో రాసుకుని పాడుకునేవాళ్లం. అలాగే అమ్మను చదవమని, వాక్యమంతా మరాఠీ అక్షరాల్లో చక్కగా రాసుకున్నాను. గరిజెలు ఒత్తుతున్న నానమ్మ ముందు నిలబడి, ఎక్కడా ఆగకుండా గడగడా చదివి వినిపించాను. ఆమె కళ్లు మూసుకుని విని, "మస్తు చదివినవ్ బిడ్డ" అంది. తర్వాత పిండి చేతులు కొంగుకు తుడుచుకుని కాగితం తీసుకుంది.

నానమ్మకు చదువు రాదు. కానీ ఏళ్ల తరబడి ఆదివారం ఆదివారం ఆ పెద్ద పుస్తకం పక్కన కూర్చున్న మనిషి. చాలాసేపు చూసి, "గీ అక్షరాల మీద తాడెందుకున్నదే? మన అక్షరాలు బట్టలారేసినట్టు తాడుకు ఏలాడవు గద" అంది.

నేను ఎంతో గర్వంగా, మరాఠీ అక్షరాల్లో రాసుకున్నానని చెప్పాను. ఆమె తిట్టలేదు. కాగితం నాలుగు మడతలు పెట్టి నా చేతికిచ్చింది. "ఇనడానికి మంచిగనే ఉన్నది. గని నేను పుస్తకం చూసి చదువుతదని చెప్పి నీళ్లు తాగిన. గిది చూసి చదివితే నా మాట పోతది."

"నాకు రాదు నానమ్మా. అయ్యగారికి చెప్పు," అని ఏడ్చాను.

"వస్తది, గ్యారంటీ," అంటూ మళ్లీ గరిజె అంచు నొక్కడంలో పడింది. అది వాన గ్యారంటీయో జ్వరం గ్యారంటీయో నాకు అంతుపట్టలేదు.

ఆ రోజు నుంచి ఇల్లంతా నా మీద పడింది. బాపు షిఫ్టు నుంచి వచ్చి, స్నానం చేసినా కళ్ల అంచున పోని బొగ్గు కాటుకతో, చాయ్ గ్లాసు పట్టుకుని నా పక్కన గచ్చు మీద కూర్చునేవాడు. ఆయనది కూడా కూడబలుక్కుని చదివే చదువే. ఒక సాయంత్రం విసిగి, "అమ్మా, పోరిని ఎందుకు సతాయిస్తవ్? నేను చదువుత తియ్యి" అన్నాడు. "నీ పేరు చెప్పలే నేను" అంది నానమ్మ. అమ్మ నవ్వు ఆపుకోలేక కుట్టు మిషన్ ఆపేసింది. నేను కూడా ఆ ఏడుపులోనే నవ్వాను. ఆ నవ్వు తర్వాత అక్షరాలు కొంచెం దయతలిచాయి. ఒక్కో వాక్యమూ గచ్చు మీంచి కళ్లలోకి ఎక్కడం మొదలుపెట్టింది.

పండుగనాడు కొత్త గౌను వేసుకుని, తలకు కొబ్బరినూనె కారుతుండగా పెద్ద పుస్తకం ముందు నిలబడ్డాను. చేతిలో కాగితం లేదు. చాపల మీద ఆడవాళ్లు, బెంచీల మీద మగవాళ్లు, ముందు వరుసలో నానమ్మ. మొదటి వాక్యం చదివాను, రెండోదీ చదివాను. ఆ తర్వాత ఒక పొడుగాటి మాట దగ్గర బండి ఆగిపోయింది. అక్కడున్న ఆడవాళ్లందరికీ ఆ వాక్యం నోటికి వచ్చు, ఎవరో అందించబోయారు. నానమ్మ వెనక్కి తిరగకుండానే చెయ్యి ఎత్తింది. అందరూ ఊరుకున్నారు. వేలు పెట్టి ఒక్కో అక్షరం పట్టుకున్నాను, ఒత్తు దగ్గర ఆగాను, మళ్లీ మొదటికొచ్చాను, చివరికి మాట మొత్తం నోట్లోంచి బయటపడింది. ఆ తర్వాత ఆఖరిదాకా ఎక్కడా ఆగలేదు. అయ్యగారు తల ఊపుతూ నానమ్మ వైపు చూశారు, ఆమె ఏమీ ఎరగనట్టు కొంగు సర్దుకుంది. ఆ పూట తిన్న బగార అన్నం, మటన్ రుచి మళ్లీ ఏ పండుగకూ రాలేదు.

ఇప్పుడు ఆ రేకుల చర్చి స్లాబు చర్చి అయింది. గోడ మీద తెర పెట్టారు. అందులో తెలుగు పాటలు ఇంగ్లీషు అక్షరాల్లో కనిపిస్తాయి, పిల్లలు హాయిగా పాడుతుంటారు, వింటుంటే సంతోషంగానే ఉంటుంది. గల్లీలో సిగిళ్లు పోయి గ్యాసులు వచ్చాయి, పెంకుల ఇళ్లు పోయాయి. గది అద్దెకు కావాలంటే ఆధార్ కార్డు చూపిస్తే చాలు, ఎవరి మాటతోనూ పని లేదు. నానమ్మ వెళ్లిపోయి చాలా కాలమైంది.

ఆ పండుగనాడు ఇంటికి నడిచి వస్తూ ఆమెను ఒక ప్రశ్న అడిగాను. "నాకు చదవొస్తదని నీకు ముందే ఎట్ల తెల్సు నానమ్మా?"

"ఏడ తెల్సు? రాదనే తెల్సు," అంది ఆమె. "నీకు వచ్చేదే అయితే నేను నీళ్లు తాగుడెందుకే, పిచ్చి పోరి."

రాదని తెలిసి నా తరఫున మాట ఇచ్చే మనిషి ఇప్పుడు నాకు లేదు. నేను మాత్రం రోజూ తెలుగు చదువుతున్నాను.