రెండు వేల కరపత్రాలు, ఒక్క సిపాయి

1999 జూన్ 20, ఆదివారం, పగలు పదకొండు గంటల పది నిమిషాలు. గడియారం చూడడం నాకు అప్పటికి మూడేళ్ల కిందటే వచ్చింది. కొత్తగా వచ్చిన విద్య కాబట్టి, ఏది జరిగినా ముందు గోడ వైపు చూసేదాన్ని.

ఆ నిమిషంలో మా పాస్టరు అయ్యగారు, యుద్ధంలో ఉన్న సిపాయిల కోసం తాను రాసి అచ్చు వేయించిన కరపత్రం చదవడానికి లేచి నిలబడ్డారు. మా తోడికోడలు జన్మలో మొదటిసారి మా చర్చిలో చాప మీద కూర్చుని వింటోంది. చదవడం సగంలో ఉండగానే ఆమె లేచి బయటికి నడిచింది. నేను లేచి అయ్యగారిని ఆపాను. ఎందుకో చెప్పాలంటే ఆమె కొడుకు రాసిన ఉత్తరం దగ్గర మొదలుపెట్టాలి.

మేమిద్దరం అన్నదమ్ముల భార్యలం. పట్నం అంచున, రాయదుర్గం గుట్టల పక్కన ఒకే వాకిట్లో రెండు ఇళ్లు. మగవాళ్లిద్దరూ అప్పటికే పోయారు. నేను యేసయ్యను నమ్ముకున్నాను, ఆమె మైసమ్మను వదల్లేదు. ఈ సంగతి మీద రోజూ ఒకరినొకరం దెప్పుకునేవాళ్లం, రోజూ ఒకరి కూర ఒకరం తినేవాళ్లం. నాకు పిల్లలు లేరు. ఆమెకు ఒక్కడే కొడుకు. వాడు నన్ను పెద్దమ్మా అని పిలిచేవాడు. రెండు ఇళ్లలోనూ అన్నం తినేవాడు, మొదటి ఇంట్లో తిన్నట్టు రెండో ఇంట్లో చెప్పేవాడు కాదు. పెరిగి పటాలంలో చేరాడు. ఆ ఎండాకాలం కార్గిల్ మంచు కొండల మీద ఉన్నాడు.

నేను సగం బతుకు బండలు కొట్టినదాన్ని. కంప్యూటరు కంపెనీల అద్దాల మేడలు లేచిన కొద్దీ బండలు కొట్టే పని పోయి, ఆ మేడల్లో ఊడ్చే పని వచ్చింది. యాభై మూడేళ్ల వయసులో పాస్టరమ్మగారి సాయంత్రం బడిలో పలక పట్టుకున్నాను. మా వాకిట్లో చదువు వచ్చిన మనిషిని నేనే కాబట్టి వాడి ఉత్తరం నా చేతికే వచ్చింది. వేలు పెట్టి కూడబలుక్కుంటూ చదివాను. ఒక్క పుట చదవడానికి పొయ్యి మీద పప్పు ఉడికేంతసేపు పట్టింది.

బాగున్నానని రాశాడు. చలి సంగతి రాశాడు. చివర్లో, “పెద్దమ్మా, ఇక్కడ తెలుగు అక్షరం కంటికి కనబడదు. చదువుకోవడానికి ఏదైనా పంపు. బెల్లం పొట్లం కట్టిన కాగితమైనా సరే” అని ఉంది.

మా తోడికోడలు కళ్లు తుడుచుకుని వెంటనే పనిలోకి దిగింది.

“అక్కా, నీ తాన కాయితాలుంటయి గద, చర్చిల ఇచ్చేటివి. అవి పంపుదాం.”

“అవి యేసయ్యవి. మల్ల నీకు ఫరక్ వడదా?”

“తెలుగువే గద! వాడు తెలుగు అడిగిండు. మైసమ్మకు నేను జెప్పుకుంట, నువ్వు ఫికర్ జెయ్యకు.”

అప్పుడే మా చర్చిలో సిపాయిల కోసం కొత్త కరపత్రం తయారవుతోంది. ఇంతకంటే మంచిది ఏముంటుంది అనుకున్నాను. ఆదివారం నువ్వే వచ్చి నీ చేత్తో తీసుకో, సోమవారం పోస్టు చేద్దామన్నాను. మాట ఇచ్చాను. ఆమె పట్టుచీర కట్టుకుని వచ్చింది, పెళ్లికి వచ్చినట్టు.

మా చర్చి అంటే రేకుల షెడ్డు. జూన్‌లో కూడా వాన పడలేదు, రేకులు సెగలు కక్కుతున్నాయి. అయ్యగారిది గుంటూరు వైపు. ముప్పై ఏళ్లు నిండీ నిండని మనిషి, మంచివాడు, వారం రోజులు కూర్చుని ఆ పత్రం రాశారు. అచ్చు కట్టలు బల్ల కింద పేర్చి ఉన్నాయి. రెండు వేలు. గొంతు సవరించుకుని చదివారు:

“ఓ సైనికుడా! ఈ రాత్రియే నీ ప్రాణము పోయిన యెడల నీ ఆత్మ ఎక్కడ నుండును? శత్రువు తుపాకి గుండు నీ కొరకు సిద్ధముగా నున్నది. నీవు సిద్ధముగా నున్నావా?”

పుస్తకాల తెలుగు అయినా మా తోడికోడలికి అంతా అర్థమైంది. గుండు అన్న మాట అర్థం కాని తల్లి ఉంటుందా? నా వైపు తిరిగి, అందరికీ వినబడేలా అంది.

“అక్కా, గీ కాయితమేనా నువ్వు నా కొడుక్కు పంపుతనన్నది? గుండు తయారున్నదట! కన్నతల్లిని ముందట కూసోవెట్టుకోని సదువుతరా గీ మాట?”

పట్టుచీర కొంగు విదిలించి వెళ్లిపోయింది. అయ్యగారు ఒక్క క్షణం ఆగి, మళ్లీ కాగితం వైపు చూశారు. చదవబోయారు. నేను లేచాను.

“ఆగుండ్రి అయ్యగారూ. మీరు మంచోళ్లే. గీ కాయితమే మంచిది కాదు.”

సంఘపెద్ద ముందు వరసలోంచి వెనక్కి తిరిగాడు. ఆయన బస్సు కండక్టరుగా చేసి దిగిన మనిషి, నిలబడి ఉన్నవాళ్లను చూస్తే ఓర్చుకోలేడు. “కూసో వదినా! ఆరాధన నడుస్తుంటే మధ్యల లేస్తవేంది?”

“ఆరాధన కాదు తమ్మీ, కాయితం నడుస్తున్నది. యేసయ్య మాటకు నేనెప్పుడన్న అడ్డం వడ్డనా?”

అయ్యగారి ముఖం ఎర్రబడింది. “సైనికులకు సమయం తక్కువ కదమ్మా. సూటిగా విషయంలోకి రావాలని అలా రాశానండి. చావు అనేది నిజమే కదండీ?”

“నిజమే. ఆ నిజం వాళ్లకు మనం జెప్పాల్నా? దినాం పక్కన పండుకోని లేస్తున్నరు దానితోని. గా సలిల, గా కొండల మీద మా పిల్లగాడు తెలుగు కోసం మొత్తుకుంటె, మొదటి మాటే నువ్వు సస్తవు అని పంపుదమా? సరే, ఒకటి జెప్పుండ్రి. రెండు వేలు అచ్చేయించిండ్రు. మీకు ఎరుకున్న సిపాయిలు ఎందరు?”

అయ్యగారు సంఘం వైపు చూశారు. “మన కుటుంబాల్లో పటాలంలో పనిచేసేవాళ్లు ఎవరైనా ఉంటే చేతులెత్తండి.”

ఒక్క చెయ్యీ లేవలేదు. రెండు వేల పత్రాలకు మా సంఘం మొత్తం ఎరిగిన సిపాయి ఒక్కడే, వాడూ మా సంఘం వాడు కాదు. వాడి తల్లి బయట బండ మీద అలిగి కూర్చుంది.

ముందుగా నవ్వింది పాస్టరమ్మగారు. నోటికి కొంగు అడ్డం పెట్టుకున్నా ఆగలేదు. తర్వాత ఆడవాళ్ల వైపు, తర్వాత మగవాళ్ల వైపు, ఆఖరికి అయ్యగారు కూడా బల్ల పట్టుకుని నవ్వారు. నవ్వి, నవ్వి, ఒక తెల్ల కాగితమూ పెన్నూ తీసి నా వైపు చాపారు.

“అయితే మీరే రాయండమ్మా. ఆ బాబుకి ఏం రాయాలో నాకంటే మీకే బాగా తెలుసు.”

అప్పటిదాకా నేను రాసినవన్నీ చూసి రాసినవే. సంతకం, బడిలో పాఠం, అంతే. నా తలలోంచి ఒక్క మాట కూడా కాగితం మీదికి దిగి ఎరగదు. కానీ అంతమందిలో అంత మాట అన్నాక వెనక్కి పోతే ఎట్లా? కాగితం తీసుకుని బయటికి నడిచాను.

“లే, లోపలికి రా. నేను రాస్త, నువ్వు జెప్పు.”

“నేనేం జెప్త? మీ దేవుని కథలు నాకేమెరుక?”

“నీ కొడుకు ఎరుక గద. వాడికి ఏం కావాలె?”

“వాడికా? ఆకలైతె ఆగడు. సలైతె పొయ్యి కాడికే వస్తడు. ఇంకేం గావాలె వాడికి?”

నాకు దారి దొరికింది. యేసయ్య పొద్దున్నే పొయ్యి ముట్టించిన కథ ఒకటి ఉంది. ఆమె చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకొచ్చి, బల్ల దగ్గర నా పక్కన కూర్చోబెట్టాను. సంఘంలో ఎవరూ ఇంటికి పోలేదు. చుట్టూ చేరారు. నేను ఎట్లా మాట్లాడతానో అట్లాగే రాశాను:

“బిడ్డా, నేను మీ పెద్దమ్మను. మీ అమ్మ పక్కన్నే కూసున్నది. యేసయ్య దోస్తులు ఒక రాత్రంత వలేసిండ్రు. ఒక్క చేప వడలే. తెల్లారింది. సలి, ఆకలి, ఒకలి మీద ఒకలికి కోపం. గట్టు మీద ఒక మనిషి నిలవడి, కుడిపక్క ఎయ్యుండ్రి అన్నడు. ఏస్తె వల నిండింది. ఒడ్డుకొచ్చి సూస్తె ఆయన యేసయ్యనే. అప్పటికే నిప్పులు జేసి చేపలు కాలుస్తున్నడు. రొట్టెలు గూడ ఉన్నయి. అంతకుముందు ఆయన్ను పట్టుకపోయిన రాత్రి వాళ్లు ఇడిసిపెట్టి ఉరికిండ్రు. ఎందుకు ఉరికిండ్రని అడగలే. రాండ్రి, తినుండ్రి అన్నడు.”

ఇంతవరకు రాసేసరికి వేళ్లు కొంకర్లు పోయాయి. మా తోడికోడలు నా భుజం మీదుగా కాగితంలోకి తొంగి చూస్తోంది, చదవడం వచ్చినట్టు.

“దేవుడే పొయ్యి కాడ కూసున్నడా?” అంది మెల్లగా.

“కూసున్నడు.”

“ఉప్పేసిండా చేపలకు?”

“అది రాసిలేదు.”

“గట్లెట్ల? ఉప్పు లేని చేప మావోడు ముట్టడు. ఏసిండని రాయి.”

సంఘపెద్ద ఉలిక్కిపడ్డాడు. “లేనిది కలపరాదు! అది మహా పాపం!”

“ఉప్పేస్తె పాపమా? మీ ఇంట్ల ఎట్ల తింటున్నవు అన్నా?”

మళ్లీ నవ్వులు. పాస్టరమ్మగారు తగవు తీర్చింది. “వేశారని లేదు, వెయ్యలేదనీ లేదు కదండీ. ఆ మాటే రాయండి.” నేను రాశాను: “ఉప్పేసిండో లేదో రాసిలేదు. మీ అమ్మ అడుగుతున్నది. నీకేమనిపిస్తున్నదో రాయి. ఆయన ఆడ గూడ పొయ్యి ముట్టిచ్చుకోని నీకోసం సూస్తున్నడు. కడుపు నిండ తిను.”

పెన్ను పక్కన పెట్టాను. అందరూ మా తోడికోడలి వైపు చూశారు. ఆమె వద్దంటే పంపేది లేదు. అప్పుడు వాడికి ఒక్క తెలుగు అక్షరమూ పోదు.

“మొత్తం మల్ల సదువు,” అంది. చదివాను. “ఇందుల సావు లేదు గద?”

“లేదు.”

“ఇగ పంపు.”

ఆ మాటకు అయ్యగారు చప్పట్లు కొట్టారు, నేను చూశాను. వెంటనే పాటలో తాళం వేసినట్టు మార్చుకున్నారు కానీ అవి చప్పట్లే. పాస్టరమ్మగారు కవరు మీద చిరునామా ఇంగ్లీషులో రాసింది. అందులో ఊరి పేరే లేదు, అన్నీ అంకెలు. అంటించబోతుంటే మా తోడికోడలు ఆగమని, కొంగు ముడి విప్పి, మైసమ్మ కుంకుమ చిటికెడు లోపల వేసింది. సంఘపెద్ద గట్టిగా దగ్గాడు. అయ్యగారు తల పైకెత్తి ఫ్యాను వైపు చూశారు. చాలా సేపు చూశారు.

అచ్చు వేసిన కట్టలు ఏమయ్యాయని అడుగుతారేమో. వాటి వెనకవైపు తెల్లగానే ఉండేది. అయ్యగారే మా సాయంత్రం బడికి ఇచ్చేశారు. ఏడాదిపాటు మాకు రాసుకునే కాగితాల కరువు లేదు.

జవాబు వచ్చేదాకా మా తోడికోడలు పోస్టు మనిషిని నిలువనివ్వలేదు. ఆయన మా సందు మొదట్లోనే సైకిలు దిగి, లేదు లేదు అని చెయ్యి ఊపేవాడు. ఇరవై మూడో రోజున ఊపలేదు. గంట కొట్టుకుంటూ వచ్చాడు.

వాడు రాశాడు. వాళ్ల దగ్గర తెలుగువాళ్లు ఐదుగురట. ఒకే కాగితాన్ని ఐదుగురూ చదివి, ఉప్పు దగ్గర రెండు ముఠాలు అయ్యారట. శ్రీకాకుళం అతను కాల్చేటప్పుడు వేసే ఉంటాడన్నాడట. కడప అతను చేపకు ఉప్పు కాల్చేటప్పుడు కాదు, ముందే పట్టించాలి, దేవుడికి ఆ మాత్రం తెలియదా అన్నాడట. “పెద్దమ్మా, చాలా రోజులకు కడుపు పట్టుకుని నవ్వినం” అని రాశాడు. మా తోడికోడలు ఆ ఒక్క వరసనే నా చేత తొమ్మిదిసార్లు చదివించింది. పదోసారికి నేను విసుక్కుంటే, కాగితం లాక్కుని తానే వేలు పెట్టి, నేను చెప్పిన వరసే ఒప్పజెప్పింది. ఆ సాయంత్రం నాతో పాటు బడికి వచ్చింది. పలక అడగడానికి సిగ్గుపడి, చూడడానికే వచ్చానంది.

ఇంకొన్ని పంపమన్నాడు. పంపాం. యుద్ధం అయిపోయాక కూడా పంపాం, వాడు సెలవు మీద ఇంటికి వచ్చి ఆ కాగితాలన్నీ నా ముందు పరిచేదాకా.

ఆ మొదటి జవాబు అడుగున ఇంకో మాట కూడా అడిగాడు. “ఆనాడు నువ్వు రాస్తుంటే చుట్టూ ఎవరెవరు కూర్చున్నరో రాయి. చదువుతుంటే మనుషులు కనబడాలె.” ఉత్తరంలో పేర్లు పెట్టే రాశాను. ఇక్కడ పేర్లు వద్దు, వాళ్లెవరో వాళ్లకు తెలుసు.

ఉన్నవాళ్లు: అయ్యగారు. పాస్టరమ్మగారు, చంకలో వాళ్ల చిన్నపాప. సంఘపెద్ద, ఆయన భార్య. మదీనాగూడ నుంచి ఒకే ఆటోలో వచ్చే నలుగురు ఆసుపత్రి నర్సమ్మలు. తబలా వాయించే మేస్త్రి. నాతో పాటు అద్దాల మేడలో ఊడ్చే ఇద్దరు ఆడవాళ్లు, అక్కాచెల్లెళ్లు. శేరిలింగంపల్లి రైల్వేలో పనిచేసే తండ్రీ కొడుకులు. చెవులు వినబడని ముసలాయన, పక్కవాళ్లు నవ్వినప్పుడల్లా నవ్వాడు. ఎండకు ఓర్వలేక డబ్బాలు నీడలో పెట్టుకుందామని ఆగిన పాలాయన, చివరిదాకా ఉండిపోయాడు. మా తోడికోడలు. నేను.