వెలుతురులోంచి ఒక అడుగు వెనక్కి

విల్‌ఫ్రెడ్ టాప్‌స్కాట్ ఏళ్ల తరబడి సినిమాల్లో పోలీసే. లండన్ చుట్టుపక్కల ఏ స్టూడియోలో హత్య జరిగినా ఆయనకు కబురు రావలసిందే. తలుపు దగ్గర నిలబడటం, "ఇటు రండి సార్" అనడం, హీరో లోపలికి వెళ్లాక తలుపు మూయడం. సగం ముఖం హెల్మెట్ కింద, సగం మీసం వెనక. హాల్లో ఆయన్ని గుర్తుపట్టిన పాపాన ఎవరూ పోలేదు.

అయినా దర్శకులకు ఆయనంటే గురి. హీరో మీద పడే లైటుకు ఎన్నడూ అడ్డం రాలేదు మరి. పక్కవాడు కాస్త కదిలితే చాలు, ఈయన కాలు దానంతటదే వెనక్కి పడేది.

భార్య మేబెల్‌కు ఒకటే కోరిక. ఆయన ముఖం తెర నిండా ఒక్కసారి చూడాలి. ఆమె చెల్లెలు ఐవీ నోరు ఊరుకునేది కాదు. సినిమా చూసొచ్చిన ప్రతిసారీ టీ పోస్తూ ఎత్తిపొడిచేది.

"ఈసారి నీ వీపు బ్రహ్మాండంగా నటించింది బావా."

"దానికి డైలాగులు తక్కువ కదే, తప్పులు చెయ్యదు," అనేవాడాయన.

మేబెల్ నవ్వేది గానీ, ఆ నవ్వు పెదవి దాటేది కాదు.

పందొమ్మిది వందల యాభై నాలుగులో ఆ రోజు వచ్చింది. తప్పిపోయిన పిల్ల ఇక లేదని తల్లికి చెప్పే కానిస్టేబుల్ వేషం. హెల్మెట్ తీయాలి, కెమెరా ముఖం మీదే. వంటింట్లో మేబెల్ తల్లిగా కూర్చుంటే, ఆయన వారమంతా సాధన చేశాడు.

షూటింగు సాయంత్రానికి జారింది. పని ముగిసే గంట కొడితే లైట్లవాళ్లు ఒక్క నిమిషం ఆగరు, తెల్లారితే ఆ సెట్టు పీకేస్తారు. ఒక్కసారే తీయగలరు. ఆయన హెల్మెట్ తీశాడు, మాట చెప్పాడు. తల్లి వేషం వేసిన పెద్ద నటి తూలి ముందుకు ఒరిగింది. అంతే, పాడు కాలు వెనక్కి పడింది. ముఖం చీకట్లోకి పోయింది. గంట మోగింది.

"లైటు నీకోసమే పెట్టామయ్యా," అన్నాడు దర్శకుడు. కోప్పడినా బాగుండేది.

ఇంట్లో చెప్పడానికి ఆయనకు నోరు రాలేదు. సినిమా వచ్చాక ముగ్గురూ మధ్యాహ్నం ఆటకు వెళ్లారు. తెరమీద బట్టతల ఒక్క క్షణం మెరిసింది. తర్వాత నీడ, ఆ నీడలోంచి గొంతు. ఐవీ ఏదో అనబోయి మానేసింది.

బయటికొచ్చేసరికే చలికాలపు చీకటి. వీధి దీపాలు వెలిగాయి.

"తప్పు నాదే మేబెల్. కాలు ఆగలేదు."

"మన పెళ్లి ఫోటోలోనూ అంతేగా. నా ముఖాన ఎండ పడాలని పక్కకు జరిగావు. అందులో నీ చెవొక్కటే పడింది," అంది మేబెల్. "ఇందాక నువ్వు వెనక్కి తగ్గావు చూడు, అప్పుడు ఏడుపొచ్చింది నాకు. ముఖం కనబడుంటే ఎవరో నటుడిలే అనుకునేదాన్ని."

మేబెల్ ఒక వీధి దీపం దగ్గర ఆగింది.

"ఇలా రా. ఈ దీపం కింద నిలబడు."

నిలబడ్డాడు. వెలుతురు ముఖాన పడగానే కాలు వెనక్కి కదలబోయింది. మేబెల్ ఆయన కోటు చెయ్యి గట్టిగా పట్టుకుని, తనివితీరా చూసింది.